నా మొదటి నవలలోంచి తీసేసిన అధ్యాయం

మా ఆయన డాక్టరు ఉద్యోగం కాజిల్‌బార్ ఆసుపత్రి నుంచి బదిలీ కావడంతో మేం డబ్లిన్‌కు పడమటి వైపున్న ఎన్నిస్ అనే ఊరు చేరాం. ఆ ఏడాది మార్చిలోనే అక్కడి ఒక చిన్న ఆఫీసులో నేను సొలిసిటర్‌గా చేరాను. కక్షిదారుతో నేరుగా మాట్లాడి, కాగితాలు తయారుచేసి, డిస్ట్రిక్ట్ కోర్టులో తానే నిలబడి వాదించే లాయరును ఇక్కడ సొలిసిటర్ అంటారు. తెనాలిలో ఆరేళ్లు ప్రాక్టీసు చేసినదాన్నే అయినా ఇక్కడి పరీక్షలన్నీ మళ్లీ రాశాకే ఆ కుర్చీ దక్కింది. నాకు కుటుంబ కేసులు అప్పగించారు.

ప్రాక్టీసు మానేసి నవలలు మాత్రమే రాసుకుంటున్న ఈ రోజుల్లో పాఠకులు నన్ను తరచు అడిగేది ఒకటే. మీ పాత్రలు మీ కక్షిదారులేనా అని. కాదు. ఒక్కసారి మాత్రం అలా జరగబోయి ఆగింది.

వసుంధర నా తొలి కక్షిదారుల్లో ఒకరు. కరీంనగర్ మనిషి. ఆసుపత్రిలో ఎక్స్‌రే విభాగంలో పనిచేసేది. భర్త నుంచి విడిగా, ఎనిమిదేళ్ల కూతురు నీహారికతో ఉండేది. చెల్లెలి పెళ్లికి పాపను ఇండియా తీసుకెళ్లాలంటే పాస్‌పోర్టు కొత్తది కావాలి. ఈ దేశంలో పిల్లల పాస్‌పోర్టుకు తల్లీ తండ్రీ ఇద్దరూ సంతకం పెట్టాలి. తీసుకెళ్తే మళ్లీ తీసుకురాదని ఆయన పెట్టనన్నాడు. అలాంటప్పుడు ఆ సంతకం అవసరం లేకుండా అనుమతించమని కోర్టును అడగవచ్చు. అడిగాం.

విచారణ తలుపులు మూసి జరిగింది. కుటుంబ కేసులన్నీ అలాగే జరుగుతాయి. అక్కడ విన్నదేదీ మనుషుల్ని గుర్తుపట్టేలా బయట ప్రచురించకూడదన్నది చట్టం. తిరిగి వస్తావని నమ్మకం ఏమిటని భర్త తరఫు సొలిసిటర్ అడిగాడు. ఉద్యోగం గురించీ ఇంటి లీజు గురించీ చెప్పమని నేను ముందే నేర్పి ఉంచాను. ఆమె అవేవీ చెప్పలేదు. వచ్చే నెలలో పాపకు కమోగి ఫైనల్ ఉందనీ, దానికి తీసుకురాకపోతే తన కూతురు తనతో జన్మలో మాట్లాడదనీ చెప్పింది. కమోగి అంటే కర్రలతో బంతిని కొడుతూ ఆడే ఇక్కడి ఆడపిల్లల ఆట. జడ్జిగారు నవ్వు దాచుకుంటూ ఆ జట్టులో పాప ఎక్కడ ఆడుతుందో అడిగి తెలుసుకున్నారు. అనుమతి వచ్చింది. పెళ్లికి వెళ్లారు, ఫైనల్‌కి తిరిగి వచ్చారు.

ఆరేళ్ల తర్వాత, పొద్దున్నే ఆఫీసుకు ముందు గంట చొప్పున రాసిన నా మొదటి ఇంగ్లీషు నవలను డబ్లిన్‌లోని ఒక చిన్న ప్రచురణ సంస్థ తీసుకుంది. అచ్చుకు వెళ్లబోయే ప్రతిని మా ఆఫీసు పెద్ద డెక్లన్‌కి ఇచ్చాను. అచ్చుతప్పులు చూసిపెట్టమని. నా తొలి విచారణ కాబట్టి ఆ రోజు కోర్టులో ఆయన నా పక్కనే కూర్చున్నాడు. వారం తర్వాత ప్రతిని నా బల్ల మీద పెట్టాడు. పుస్తకం గ్రాండ్‌గా ఉందన్నాడు. గ్రాండ్ అంటే ఇక్కడ బాగుందని. ఆపైన, “పదకొండో అధ్యాయంలో నేనూ ఉన్నాను. ఆ గదిలో ఇంకెవరెవరు ఉన్నారో ఒకసారి గుర్తు తెచ్చుకో,” అన్నాడు.

పేరు మార్చాను, ఊరు మార్చాను, ఆమె ఉద్యోగం మార్చాను. కానీ కమోగి జవాబు అక్షరం పొల్లుపోకుండా దించాను. అంత మంచి మాటను వదులుకోవడం నాకు ఇష్టం లేకపోయింది. చట్టం అడిగేది పేరు మార్చారా అని కాదు, తెలిసినవాళ్లు గుర్తుపడతారా అని. ఇతరులకు రోజూ చెప్పే ఆ సంగతి నా పుస్తకం దగ్గరికి వచ్చేసరికి నాకు తట్టలేదు. సిగ్గుపడ్డాను.

ఆ శనివారం ఆ పేజీలు తీసుకుని వసుంధర ఇంటికి వెళ్లాను. ఆమె ఒప్పుకుంటే వృత్తి రహస్యం తాలూకు బంధం వదులుతుంది గానీ కోర్టు నిషేధం వదలదని నాకు తెలుసు. అయినా ఆమెకు చెప్పకుండా చింపేయడం మరో తప్పనిపించింది. వంటింటి బల్ల దగ్గర కూర్చుని రెండుసార్లు చదివింది.

“మంచిగ రాసిండ్రు మేడం. గని నేను గా దినం ఏడ్వలేదు. గీమె ఏడుస్తున్నది.”

చదివేవాళ్లకు జాలి కలగాలని ఆ కన్నీళ్లు నేనే పెట్టానని ఒప్పుకున్నాను.

“జాలెందుకు మేడం? నేను గెలిచిన గద.”

నీహారికకు అప్పటికి పద్నాలుగేళ్లు. తెలుగు అంతా అర్థమవుతుంది, జవాబు మాత్రం ఇక్కడి యాసలో ఇంగ్లీషే. కప్పులున్న ప్రెస్, అంటే వంటింటి అల్మారా, తలుపు వేసి, ఆ పాప తానేనా అని అడిగింది. అవునన్నాను. “ఐ’డ్ సూనర్ నాట్ బీ ఇన్ ఎ బుక్, ఆంటీ,” అంది, పుస్తకంలో తాను లేకపోవడమే తనకిష్టమని. మర్యాదగానే అంది. ఆ చట్టం ఎవరి కోసం పుట్టిందో ఆ మనిషే నా ఎదురుగా నిలబడి చెప్పింది. ఇక తీర్పు అక్కర్లేదు.

సోమవారం మా సంపాదకురాలు ఓర్లాకు ఫోన్ చేసి పదకొండో అధ్యాయం తీసేస్తున్నానని చెప్పాను. పుస్తకంలో అదే మేలైన భాగమని ఆవిడ చాలాసేపు వాదించింది. నేను పట్టు విడవలేదు. శరత్తులో రావలసిన పుస్తకం వసంతానికి వాయిదా పడింది.

ఆ చలికాలం అంతా కొత్త అధ్యాయం రాశాను. అందులో కోర్టు లేదు, పాస్‌పోర్టు లేదు. ఒక స్త్రీ డ్రైవింగ్ పరీక్షకు నాలుగోసారి వెళ్తుంది, అంతే. ఆమె ఎలా మాట్లాడుతుందో నాకెవరూ చెప్పి ఉండలేదు. ప్రతి మాటా నేనే వెతుక్కోవాల్సి వచ్చింది. పాతదానికన్నా ఇది మెరుగని చివరికి ఓర్లాయే ఒప్పుకుంది.

తర్వాత ఇంకో పదేళ్లు కోర్టుకు వెళ్లాను, మరో మూడు నవలలు రాశాను. రెండు పనులూ ఒకదానికొకటి అడ్డు రాలేదు. కక్షిదారు మనతో చెప్పేది తన కేసు గెలవడానికి చెబుతుంది. మన పుస్తకం నిలబడటానికి కాదు. పేరు మార్చినంత మాత్రాన సాక్ష్యం కల్పన అయిపోదు.