ఒక కన్ను మూసి గీసిన బకెట్

ఈ రోజు కోదాడలో మా స్కూల్లో ఏడో తరగతి డ్రాయింగ్ పుస్తకాలు దిద్దుతూ కూర్చున్నాను. బల్ల మీద ప్లాస్టిక్ బకెట్ పెట్టి గీయమంటే, క్లాసంతా ముందే మాట్లాడుకున్నట్టు మూతిని నిండు గుండ్రంగా గీసి, అడుగున స్కేలు పెట్టి అడ్డగీత కొట్టారు. ముందు బెంచీ అమ్మాయిని పిలిచి అడుగు ఎందుకంత తిన్నగా ఉందని అడిగాను. "బల్ల చదునుగానే ఉంది కదా టీచర్, వంకరగా గీస్తే బకెట్ పడిపోదా?" అంది. నవ్వొచ్చింది గానీ కోపం రాలేదు. ఇలాంటి బకెట్ దగ్గరే నేను రెండుసార్లు పరీక్ష తప్పినదాన్ని.

మాది సూర్యాపేట పక్కన చివ్వెంల. డ్రాయింగ్ టీచర్ కావాలంటే హయ్యర్ గ్రేడ్ పరీక్ష పాసవ్వాలి. నాకు రంగులొచ్చు, డిజైన్లొచ్చు, మా వాడలో ఏ పెళ్లయినా గోడ మీద పేర్లు రాసేది నేనే. ఎదురుగా పెట్టిన వస్తువును చూసి గీసే పేపరు దగ్గరికి వచ్చేసరికి మాత్రం బోర్లా పడేదాన్ని. రెండోసారి కూడా పోయాక నాన్న, "ఇంకొక్కసారి రాయి బిడ్డా. గప్పుడు గూడ పోతే ఇగ సాలు. సూర్యాపేటల బట్టల దుకాణంల మాట్లాడి పెట్టిన, పోయి కూసో" అన్నాడు. కోపంగా అని ఉంటే ఏడ్చి ఊరుకునేదాన్నేమో. అంత నెమ్మదిగా అనేసరికి నాలో మొండితనం లేచింది. ఈసారి పాసై తీరాలి, అంతే. పెన్సిళ్లూ కాగితాలూ సంచిలో వేసుకుని, పరీక్ష సెంటరున్న మిర్యాలగూడకు దగ్గరన్న వంకతో నేరేడుచర్లలో మా మేనత్త ఇంట్లో దిగాను.

మేనత్త అంటే నాన్నకు చెల్లెలు. నోరు పెద్దదైనా మనసు అంతకంటే పెద్దదని కొందరి గురించి చెబుతారు. ఈమె విషయంలో రెండూ సమానమే, కాకపోతే ముందు వినబడేది నోరు. నేను వెళ్లడానికి రెండేళ్ల ముందు వడ్లు తూర్పారపడుతుంటే ఆమె కుడికంట్లో నూగు పడింది. దవాఖానకు పోకుండా, వాళ్లూ వీళ్లూ చెప్పారని నాలుగు రోజులు ఆకు పసరు పోయించుకుంది. ఐదో రోజు డాక్టరు చూసి, ఇక చేసేదేమీ లేదన్నాడు. అలా పోయిన కన్నుతో పాటు ఆమెకు దూరం కూడా పోయింది. వస్తువు కనిపిస్తుంది, ఎంత దూరంలో ఉందో తెలియదు. చాయ్ పోస్తే గ్లాసు పక్కన పడేది. గడప తగిలి రోజుకోసారి తూలేది. ఇక నీతో పనులేం అవుతాయని ఎవరో జాలిపడితే, వాళ్లను నాలుగిళ్లకు వినబడేలా తిట్టి, మర్నాటి నుంచి వాకిట్లో కూర్చుని చెంబుతో గ్లాసులోకి నీళ్లు పోయడం మొదలుపెట్టింది. పోసిందే పోసి, ఒలికిందే తుడిచి, పట్టు వదల్లేదు. చెంబు మూతి గ్లాసు అంచుకు తాకాకే వంచాలని, మెట్టు దిగేముందు నీడ ఎక్కడ విరిగిందో చూడాలని, దగ్గరున్నది వెనకదాన్ని కప్పేస్తుందని అన్నీ తనే కనిపెట్టుకుంది. అవన్నీ నా డ్రాయింగ్ పుస్తకంలో ఉన్న పాఠాలే. నేను బట్టీ పట్టాను, ఆమె మోకాళ్లు పగలగొట్టుకుని నేర్చుకుంది.

నేను రోజూ స్టూలు మీద బకెట్ పెట్టి గీసేదాన్ని. వారం రోజులు చూసీ చూడనట్టు ఊరుకున్న మేనత్త, ఒకనాడు చీపురుతో వచ్చి నా భుజం మీదుగా తొంగిచూసింది.

"ఏందే గీ బకెట్? నీళ్లు వోస్తే అన్నీ మన మీదికే ఒలుకుతయి."

"మూతి గుండ్రమే గద అత్తా."

"గుండ్రమని నీ చెయ్యికి ఎరుక, రోజూ పట్టుకుంటది. నాకు గీడికెల్లి సూస్తే నొక్కిన రబ్బరు గాజు తీర్గ కనవడతది. ఒక కన్ను మూసి సూడు. నాకున్నంతనే నువ్వు గూడ పెట్టుకో."

మూసి చూశాను. బకెట్ ముందుకూ వెనక్కూ లేకుండా కాగితం మీద బొమ్మలా నిలబడింది. మూతి నిజంగానే నొక్కిన గాజులా ఉంది. అడుగు తిన్నగా లేదు, మూతి కంటే ఎక్కువగా కిందికి వంగి ఉంది. రెండేళ్లుగా నా ముందే ఉన్నదాన్ని అప్పుడే మొదటిసారి చూశాను.

ఆ రోజే ఆమె పాత చీర పేలిక చించి కుడికంటికి కట్టుకున్నాను, పరీక్షదాకా విప్పనని పంతం పట్టాను. పప్పుచారు కంచం పక్కన పోసుకున్నాను. మేనత్తతో షేర్ ఆటో ఎక్కబోతూ మెట్టు లేనిచోట కాలు పెట్టి వడ్ల బస్తా మీద పడ్డాను. ఆటోలో అందరూ నవ్వారు, మేనత్త అందరికంటే గట్టిగా నవ్వింది. ఇంటికి వచ్చి మోకాలికి పసుపు పెడుతూ మాత్రం, "నీది ఇప్పుకునే కట్టన్న బిడ్డా" అంది. నాకు సిగ్గేసింది, ఏడుపూ వచ్చింది. అప్పటినుంచి ఆమె ముందు నా కష్టం గురించి ఒక్క మాట అనలేదు. గీశాను. బకెట్, బిందె, ఇటుక, పీట, ఇంట్లో ఉన్నవన్నీ గీశాను.

మిర్యాలగూడలో పరీక్ష రోజు స్టూలు మీద మట్టికుండ, దాని పక్కన ఇటుక పెట్టారు. నా కట్టు చూసి సార్ "కండ్లకలకా?" అని అడిగాడు. నేను అవుననలేదు, కాదనలేదు. ఆయన నాలుగడుగులు వెనక్కి వేసి, పరీక్ష అయ్యేదాకా మళ్లీ నా వైపు రాలేదు. ఇంత ప్రశాంతంగా నేను ఏ పరీక్షా రాయలేదు.

సాయంత్రం ఇంటికి రాగానే మేనత్త, "ఏం గీసినవో నాకు సూపియ్" అంది. ఆ కాగితం ఇవ్వరు అత్తా అంటే ఒప్పుకోలేదు. ఇంట్లో కుండనూ ఇటుకనూ గోడవారన పెట్టి, మళ్లీ అంతా గీసి, కంటి కట్టు విప్పేసి, కాగితం వాటి పక్కనే గోడకు అంటించాను. ఆమె దూరంగా నిలబడి తల అటూ ఇటూ వంచి చూసింది. తర్వాత నడిచొచ్చి చెయ్యి చాపింది. ఆ చెయ్యి కుండకూ కాగితానికీ నడుమ కాసేపు ఆగింది, తర్వాత మెల్లగా వెళ్లి కాగితానికి తాకింది.

"నాకు రెండూ ఒక్క తీర్గనే ఉన్నయే" అంది. "పాసయినవ్ పో."

నా మీద ప్రేమతో అందేమోనని ఇప్పటికీ చిన్న అనుమానం ఉంది. కానీ ఆ చెయ్యి ఆగడం నేను రెండు కళ్లతో చూశాను. ఆ తర్వాత రెండు నెలలకు వచ్చిన మార్కుల మెమోలో కూడా ఆమె చెప్పిన మాటే ఉంది. ఇన్నేళ్లయినా, ఎప్పుడు తలచుకున్నా ఆ సాయంత్రం ఎంత దూరంలో ఉందో నాకు అంచనా దొరకదు. గడిచిన కాలాన్ని చూడటానికి మనిషికి ఉన్నది ఒక్క కన్నేనేమో.