కాశీరాం ఉరుకుపాట

సూర్యాపేట బస్టాండులో కాశీరాం గొంతు వినని డ్రైవరు లేడు. హైదరాబాదు నుంచి విజయవాడ పోయే బస్సు ఇంకా పూర్తిగా ఆగకముందే ఎగిరి ఫుట్‌బోర్డు మీద నిలబడేవాడు. చంకలో రేకు డబ్బా, దాని నిండా పల్లీలు. కుడిచేతి వేళ్లు డబ్బా మీద టకటకమంటుంటే నోట్లోంచి మాటలు ఒకదాన్నొకటి తోసుకుంటూ వచ్చేవి.

“ఉడికిన పల్లీ ఉప్పు పల్లీ, ఊరు దాటితే దొరకని పల్లీ! కోదాడ పొయ్యేటోళ్లు కొనుండ్రి, బెజవాడ పొయ్యేటోళ్లు తినుండ్రి! కండక్టరన్నా సీటీ కొట్టకు, కడుపులు మాడ్సి బండి తోల్కపోకు!”

కునికిపాట్లు పడేవాళ్లు కూడా కళ్లు తెరిచి నవ్వేవాళ్లు. పల్లీలు వద్దన్నవాళ్లు సైతం “ఇంకోపాలి జెప్పు రా” అనేవాళ్లు. కాశీరాంది చివ్వెంల పక్కన చిన్న తండా. ఇంట్లో లంబాడీ మాట, బస్టాండులో తెలుగు, లారీ డ్రైవర్లతో ఉర్దూ. ఏ రోజుకు ఏది తోస్తే అది కలిపి కొట్టేవాడు. సాయంత్రానికి సారా దుకాణం దగ్గర తేలేవాడు. అతని భార్య జమ్లీ, చంకలో పిల్ల సీతతో, తండా మొదట్లో నిలబడి ఎదురుచూసేది.

1984 వానాకాలంలో కదులుతున్న బస్సు దిగబోయి జారిపడ్డాడు. మోకాలి కింద ఎముక విరిగింది. ఎవరో పుణ్యాత్ములు మిషన్ దవాఖానలో చేర్చారు. మొదటిరోజు పొద్దున ఒక నర్సమ్మ వచ్చి, “కాశీరాం గారూ, నొప్పి ఎట్లుంది?” అని అడిగింది. కాశీరాం పక్క మంచం వైపు చూశాడు, ఆయన పేరు కూడా కాశీరామేమో అని. పుట్టి ముప్పై ఏండ్లొచ్చినా అతన్ని ‘గారు’ అన్నవాళ్లు లేరు. “ఏయ్ పల్లీ”, “అరే లంబాడోడా”, ఇవే అతనికి తెలిసిన పిలుపులు.

కాలు అతికేదాకా అక్కడే ఉన్నాడు. రోజూ సాయంత్రం నర్సమ్మలు వార్డులో పాటలు పాడేవాళ్లు, ఒక్కొక్క మంచం దగ్గర ఆగి పేరు పెట్టి ప్రార్థన చేసేవాళ్లు. తన పేరు చెప్పి దేవుడితో ఒకరు మాట్లాడడం కాశీరాంకు వింతగా ఉండేది. ఇంటికి వచ్చేటప్పటికి ఒక కాలు కొంచెం ఈడుస్తున్నాడు, తాగుడు మాత్రం మానేశాడు. మరుసటి ఏడు మూసీ కాలువలో బాప్తిస్మం తీసుకున్నాడు. జమ్లీ కూడా అతని వెంట నీళ్లలోకి దిగింది.

“నాకు నీ దేవుని సంగతి ఎర్కలేదు,” అందామె ఇంటికొచ్చాక. “నువ్వు తాగి రాకుంటే సాలు.”

తండా నాయకుడు హర్యాకు ఇది నచ్చలేదు. పెద్దమనిషి, కోపిష్టి కాదు. ఇంటి ముందుకు వచ్చి, “తీజ్ పండుగకు నువ్వు లేకుంటే నగారా ఎవలు కొడ్తరు రా?” అని మాత్రం అడిగాడు. ఆ ఏటి నుంచి తీజ్‌కు వాళ్లింటికి పిలుపు రాలేదు.

సూర్యాపేట ప్రార్థనామందిరంలో పాస్టరు యోనా గారు. కోదాడ మనిషి. ఒక ఆదివారం కాశీరాంను నిలబెట్టి, “దేవుడు నీకేం చేశాడో సాక్ష్యం చెప్పు బాబూ,” అన్నారు. కాశీరాం లేచి నిలబడ్డాడు. రెండు చేతులూ ఎక్కడ పెట్టుకోవాలో తెలియక నలుపుకున్నాడు.

“అయ్యా, నా డబ్బా బయట ఉన్నది. తెచ్చుకుంటే చెప్త.”

జనం నవ్వారు. యోనా గారు మాత్రం తెచ్చుకోమన్నారు. డబ్బా చంకలోకి రాగానే మాట కదిలింది. బస్సు దిగబోయి పడ్డది, కాలు విరిగింది, నర్సమ్మ ‘గారు’ అని పిలిచింది, అంతా ఒక్క ఊపిరిలో, దరువు తప్పకుండా చెప్పేశాడు. చివరికి వచ్చేసరికి ముసలమ్మలు కూడా చప్పట్లు కలుపుతున్నారు. వెనక బెంచీ మీది పెద్దలు ఇద్దరు లేచి వెళ్లిపోయారు. “ఇది పాటా, మాటా? బస్టాండు కేకలు ఇక్కడేంటి?” అన్నారు గుమ్మంలో.

కానీ యోనా గారికి జనాన్ని కూడగట్టే మనిషి దొరికాడు. మొదట జీపులో మైకు ఇచ్చి సభలకు టముకు వేయించారు. తర్వాత స్టేజీ ఎక్కించారు. కాశీరాం బైబిలు వాక్యంలోని కథలు యోనా గారితో చదివించుకుని వినేవాడు, రెండు రోజులు పల్లీలు అమ్ముతూ లోపల్లోపల తిప్పుకునేవాడు, మూడోనాటికి దరువులో పడేవి. నడిగూడెం, కోదాడ, మిర్యాలగూడ, పెద్దవూర, ఎక్కడ సభ పెడితే అక్కడికి పోయేవాడు. జనం దానికి ‘కాశీరాం ఉరుకుడు’ అని పేరు పెట్టుకున్నారు. హైదరాబాదులో కాలేజీ చదివే ఒకతను కోదాడ సభలో విని, “అన్నా, అమెరికాలో నల్లోళ్లు గిట్లనే చెప్తరు. దాన్ని రాప్ అంటరు,” అన్నాడు. కాశీరాం డబ్బా సర్దుకుంటూ, “వాళ్లు గూడ బస్సులల్ల అమ్ముకుంటరా?” అని అడిగాడు.

అన్నింటికంటే జనం ఎక్కువగా అడిగేది చనిపోయిన పిల్లను ప్రభువు లేపిన కథ. దాన్ని కాశీరాం తన కూతుర్ని తలుచుకుని కట్టాడు. సీతకు అప్పటికి ఎనిమిదేండ్లు. పొద్దున లేవమంటే లేవదు, దుప్పటి మొహం మీదికి లాక్కుంటుంది. ఆమెను లేపే మాటలే ఆ పాటలోకి వచ్చాయి.

“ఏడ్వకు తల్లీ ఏడ్వకు, ఎవ్వలు సచ్చిండ్రని ఏడ్వకు! నిద్రవోయింది బిడ్డ నిద్రవోయింది! అయ్య వచ్చిండు, చెయ్యి వట్టిండు, చెవుల జెప్పిండు. లేవే బిడ్డా లేవే, పొద్దు పొడిసింది లేవే, బువ్వ తిందువు లేవే!”

ఆ చివరి ‘లేవే’ దగ్గర డబ్బా మీద చేయి ఆపేసేవాడు. వేలమంది ఊపిరి బిగబట్టేవాళ్లు. తర్వాత ఒక్క దెబ్బ. జనం కేక వేసి లేచి నిలబడేవాళ్లు. ఇంట్లో సీత కూడా ఆ దెబ్బ కోసమే చాప మీద కళ్లు మూసుకుని పడుకునేది. తండ్రి డబ్బా మోగించగానే ఎగిరి కూర్చుని, లంబాడీలో నాన్నను పిలుస్తూ, “బా, బువ్వ ఏదీ?” అనేది.

1991 వానలు వెనకబట్టాక తండాలో పిల్లలకు జ్వరాలు మొదలయ్యాయి. సీతకు రెండు రోజులు ఒళ్లు కాలింది. మూడోరోజు మెడ బిర్రబిగిసి, పిలిస్తే పలకలేదు. సూర్యాపేట దవాఖానలో చేర్చారు. మెదడువాపు అన్నారు. ఆ సాయంత్రమే మిర్యాలగూడలో పెద్ద సభ. పది ఊళ్ల గోడల మీద కాశీరాం పేరు రాసి ఉంది.

యోనా గారు దవాఖానకు వచ్చి పిల్ల తల మీద చేయి పెట్టి ప్రార్థన చేశారు. “నిన్ను రమ్మని బలవంతం చెయ్యను బాబూ,” అన్నారు. “నువ్వు ఆయన పని చూస్తే ఆయన నీ పని చూస్తాడు. అది నా నమ్మకం.”

అది కాశీరాం నమ్మకం కూడా. నిజం చెప్పాలంటే యోనా గారికంటే అతనికే ఎక్కువ. తను పోకపోతే దేవుడి మీద అనుమానపడ్డట్టు అవుతుందనీ, ఆ అనుమానం పిల్లకు తగులుతుందనీ భయపడ్డాడు.

“పోకు,” అంది జమ్లీ మంచం పట్టె పట్టుకుని. “ఒక్క పూట. నేనెన్నడన్న అడిగిన్నా?”

“గాడ నేను చెప్తుంటే ఈడ లేస్తది సూడు.”

“నాకు లేసేది సూపియ్యకు. ఈడ కూసో.”

కాశీరాం పిల్ల చెవి దగ్గర ఏదో చెప్పి, డబ్బా తీసుకుని వెళ్లాడు.

మిర్యాలగూడలో ఆ రోజు చెప్పినట్టు ముందెన్నడూ చెప్పలేదు, తర్వాతా చెప్పలేదు. ‘లేవే బిడ్డా’ దగ్గర కళ్లు మూసుకున్నాడు. చివరి దెబ్బకు లేచిన జనం ఎంతకీ కూర్చోలేదు. అతనికి కచ్చితంగా తెలిసినట్టే అనిపించింది, సీత లేచి కూర్చుందని. సభవాళ్లు శాలువా కప్పారు. మరునాడు పొద్దున మొదటి బస్సు దొరకలేదు, రెండోది దారిలో చెడిపోయింది. మధ్యాహ్నానికి సూర్యాపేట చేరి దవాఖానకు పోతే మంచం మీద వేరే పిల్లవాడున్నాడు.

వార్డు ఊడ్చే ఆయమ్మ అతని మొహం చూడకుండా, “మీవోళ్లు తండాకు తీస్కపోయిండ్రు,” అంది.

తండా చేరేసరికి అంతా అయిపోయింది. సీత తెల్లవారకముందే పోయింది. కబురు పంపుదామంటే మిర్యాలగూడలో ఎవరికి పంపాలో జమ్లీకి తెలియదు. హర్యా నాయకుడే బండి కట్టించి తెచ్చి, తమ ఆచారం ప్రకారం పిల్లను మన్ను చేయించాడు. కొత్త మట్టి దగ్గర కాశీరాం శాలువాతో నిలబడ్డాడు. హర్యా వచ్చి ఆ శాలువా తీసి, మడిచి, అతని చేతికిచ్చాడు.

జమ్లీ అతన్ని తిట్టలేదు. అతనికి అన్నం పెట్టేది, బట్టలు ఉతికేది. మందిరానికి మాత్రం మళ్లీ పోలేదు, అతనితో అవసరానికి మించి మాట్లాడలేదు. ఒక్కసారే అడిగింది, “పోయేటప్పుడు దాని చెవుల ఏం జెప్పినవ్?”

కాశీరాం చెప్పలేకపోయాడు. ఆ రోజు పిల్ల చెవిలో అతను అన్నది, ‘నేనొచ్చేవరకు లేవాలె’ అని.

సభలు ఆగలేదు. అతను లేకపోతే జనం రారని పిలిచేవాళ్లు, పోకపోతే ఇంట్లో కూర్చోలేక అతనూ పోయేవాడు. వేరే కథలు చెప్పేవాడు. కాసేపటికి జనంలోంచి కేకలు లేచేవి, “పిల్లను లేపే పాట!” ఒకటి రెండుసార్లు పళ్లు బిగబట్టి చెప్పాడు. దరువు బాగానే పడింది. అదే అతన్ని ఇంకా భయపెట్టింది. బిడ్డ లేకపోయినా వేళ్లకు ఏమీ తెలియడం లేదు.

1993లో కోదాడ సభలో మళ్లీ అదే అడిగారు. మొదలుపెట్టాడు. ఏడ్వకు తల్లీ అన్నాడు, అయ్య వచ్చిండన్నాడు. ‘బువ్వ తిందువు లేవే’ దగ్గరికి వచ్చి చేయి ఆపాడు. జనం దెబ్బ కోసం ఎదురుచూశారు. కొట్టలేదు. ముందు వరసలో పిల్లలు దగ్గుతున్నారు, మైకు గుయ్యిమంటోంది.

“లేవలే,” అన్నాడు కాశీరాం మైకులో. “నా బిడ్డ లేవలే. నేను పోయి సూసిన.”

యోనా గారు గబగబా వచ్చి మైకు అందుకుని ప్రార్థన మొదలుపెట్టారు. తర్వాత వెనక గదిలో అతని భుజం మీద చేయి వేశారు. ఆయన కళ్లలో నీళ్లున్నాయి. “నీ బాధ నాకు తెలుసు కాశీరాం. కానీ వచ్చినవాళ్లు విశ్వాసం కోసం వస్తారు. నువ్విట్లా అంటే వాళ్లు ఏం పట్టుకుని ఇంటికి పోవాలి? కొన్నాళ్లు విశ్రాంతి తీసుకో.”

“నేను అబద్ధం చెప్పిన్నా అయ్యా?”

యోనా గారు అతని భుజం తట్టి సభలోకి వెళ్లిపోయారు. ఆ విశ్రాంతి ఎన్నడూ ముగియలేదు.

ఏడాది తిరిగేసరికి ఒక క్యాసెట్ వచ్చింది. యోనా గారి అక్క కొడుకు అబ్నేర్ పాడాడు. చక్కటి గొంతు, శుభ్రమైన మాట. వెనక కీబోర్డు, డ్రమ్ములు. ‘లేవే బిడ్డా’ను ‘లేవమ్మా చిన్నారి’ అని మార్చారు. బువ్వ తీసేశారు. అబ్నేర్ చెడ్డవాడు కాదు. క్యాసెట్ పట్టుకుని తండాకు వచ్చి, “అన్నా, మీ వల్లే నేర్చుకున్నా. అట్ట మీద మీ పేరు వేద్దామన్నా, మామయ్య ఇప్పుడొద్దన్నారు,” అని చెప్పుకున్నాడు. కాశీరాం తీసుకున్నాడు. ఇంట్లో టేపు లేదు. జమ్లీ దాన్ని గూట్లో పెట్టింది, తర్వాత చూస్తే అక్కడ లేదు. ఏం చేశావని అతను అడగలేదు.

ఆ పాట హైవే మీద హోటళ్లలో, జీపుల్లో మోగింది. కాశీరాం మళ్లీ పల్లీలు అమ్మబోతే నోట్లోంచి ఒట్టి ‘పల్లీ, పల్లీ’ తప్ప రాలేదు. అందరిలాంటి అరుపు. కొన్నాళ్లకు అదీ మానేశాడు. జమ్లీ పెద్దవూర దగ్గర చెల్లెలింటికి పోయి, మిరప తోటల్లో కూలికి కుదిరింది. పండక్కు వస్తానంది, రాలేదు. కాశీరాం రెండుసార్లు పోయి చూశాడు. ఆమె మంచినీళ్లిచ్చి, చెట్టు కింద అతని పక్కన కాసేపు కూర్చుని, పొద్దు వాలకముందే “బస్సు పోతది, లెవ్వు,” అంది.

చివరికి మిర్యాలగూడలో ఒక బియ్యం మిల్లులో ఊక ఎత్తే పని దొరికింది. ఊక దుమ్ముకు గొంతు పొడిబారింది. పక్కవాళ్లకు అతని పేరు తెలుసు గానీ అతను ఎవరో తెలియదు. ఒక్క మల్సూర్ అనే హమాలీ మాత్రం గుర్తుపట్టాడు, చిన్నప్పుడు సభలో చూశాడట. కాశీరాం ఊక బస్తా ఎత్తుకుని పక్కకు పోయాడు.

1998 ఎండాకాలంలో మల్సూర్ ఏడాది కొడుకు వాంతులై పోయాడు. మల్సూర్ భార్య తరఫువాళ్లు మందిరానికి పోయేవాళ్లు, కానీ పాస్టరు ఊళ్లో లేడు. మల్సూర్ వచ్చి కాశీరాం చేతులు పట్టుకున్నాడు.

“అన్నా, నువ్వు వాక్యం చెప్పినోడివి. మా పోరనికి రెండు మాటలు చెప్పే. ఒట్టిగ ఎట్ల పెట్టాలె మట్టిల?”

కాశీరాం వాళ్ల వెంట కాలువ గట్టు దాకా నడిచాడు. తెల్లగుడ్డలో మూట అంత ఉన్నాడు పిల్లవాడు. పదిమంది చుట్టూ నిలబడ్డారు. తల్లి అతని నోటి వైపే చూస్తోంది. కాశీరాం నోరు తెరిచాడు. నాలుక తిరిగింది, పెదవులు కదిలాయి. ఒక్క మాటా రాలేదు. మల్సూర్ తల తిప్పుకున్నాడు.

అప్పుడు కాశీరాం పక్కనున్న మనిషి చేతిలోంచి పార తీసుకున్నాడు. గుంత ఇంకా లోతు కాలేదు. ఈడ్చే కాలును ఒడ్డుకు ఆనించి లోపలికి దిగి తవ్వడం మొదలుపెట్టాడు. నేల గట్టిగా ఉంది, రాళ్లు తగులుతున్నాయి. ఇంకొకరు సాయం వస్తే వద్దని చేయి ఊపాడు. తవ్వి, అడుగున రాళ్లు ఏరి, మట్టిని అరచేత్తో సమంగా సర్ది, పైకి చేతులు చాపాడు. మల్సూర్ మూటను అందించాడు. కాశీరాం దాన్ని మెల్లగా దించి, గుడ్డ మొహం మీద నలగకుండా సవరించి, పైకెక్కాడు.