మామ తెచ్చిన మాంగా

ప్లస్ టూ చదివిన ఏడాది నేను ఎదురుచూసింది ఆదివారాల కోసం. ఆ రోజు మా అమ్మ తమ్ముడు వ్యాసర్పాడి నుంచి కోడంబాక్కంలో మా ఇంటికి భోజనానికి వచ్చేవాడు. ఐటీ ఉద్యోగం. వచ్చేటప్పుడు నాకోసం ఒక మాంగా, అంటే జపాన్ బొమ్మల కథ, వారానికో భాగం తెచ్చేవాడు. దాన్ని కుడి నుంచి ఎడమకు చదవడం నేర్పింది కూడా మామే.

ఆ కథలో అబ్బాయిదీ అమ్మాయిదీ స్కూల్లో ఆఖరి ఏడాది. ఒకరంటే ఒకరికి ప్రాణం, చెప్పడానికి మాత్రం నోరు పెగలదు. మా స్కూల్లో అయితే మెట్లమీద అబ్బాయితో రెండు మాటలాడితే చాలు, ఇంటికి కబురు వెళ్లేది. అన్నం తింటూ నేనూ మామా కలిసి ఆ పిరికి హీరోను తిట్టేవాళ్లం. ఇంట్లో ఇంకెవరికీ ఆ గోల పట్టేది కాదు.

పరీక్షలు దగ్గరపడ్డాక ఒకరోజు జడ అల్లుతూ అమ్మ అంది.

"నీ కాలేజీ అయిపోతానే మామకే ఇచ్చి చేస్తాం. మాట అయిపోయింది."

మావాళ్లలో మేనమామకు ఇవ్వడం కొత్తేమీ కాదు. అయినా నేను జడ విడిపించుకుని అమ్మ వైపు తిరిగాను.

"నన్ను అడగలేదే?"

"అడిగేదేముంది? మామ ఎప్పుడొస్తాడని వాకిట్లో నిలబడేది ఎవురు? ఆ ప్రేమ పుస్తకాలు వాడు తెస్తే నువ్వు చదవలా?"

నాకు ఒళ్లు మండిపోయింది. వాకిట్లో నిలబడింది పుస్తకం కోసం, దాని గురించి మాట్లాడే మనిషి కోసం. అమ్మకు అది ఎలా చెప్పను?

ఆదివారం మామను మేడ మీదకు పిలిచి అడిగేశాను.

"నీకు తెలుసునా?"

"తెలుసు. నీకిష్టమని అక్క చెప్పింది. సరే అంటి." నా మొహం చూసి ఆగాడు. "ఇష్టం లేదా?"

"నువ్వు నాకు మామవి. అంతే. నాకీ పెళ్లి వద్దు."

మామ మెట్ల దాకా వెళ్లి వెనక్కి తిరిగాడు.

"సరి. నాకొద్దని నేనే చెప్తా. నువ్వు వద్దంటే అక్క నిన్ను కాలేజీకే పంపదు. నువ్వు నోరు తెరవొద్దు."

కిందికి వెళ్లి అలాగే చెప్పాడు. అమ్మ కేకలు వీధి చివరిదాకా వినిపించాయి. మామ అన్నం తినకుండానే వెళ్లిపోయాడు, మళ్లీ మా గడప తొక్కలేదు.

ఆ సాయంత్రం వంటింట్లో ఏడుస్తూ కూర్చున్నాను. అమ్మ వచ్చి నా తల ఒళ్లోకి తీసుకుంది.

"ఏడవొద్దు పాపా. నిన్ను కాదన్నోడు ఏం బాగుపడతాడు? వాడికంటే మంచోణ్ణి తెస్తా నీకు."