వర్జ్యం వెళ్లాక చూసిన సినిమా

మా బాబాయిగారు పోయి నేటికి పదిహేను రోజులు. జిల్లా పేజీలో మూడు లైన్ల వార్త వేశారు, కాన్వెంటు సంగీతం మాస్టారు మృతి అని. అది అబద్ధం కాదు. ఆఖరి ఏడేళ్లూ రాజమండ్రిలో ఆయన చేసింది స్కూల్ డే డాన్సులకి పాటలు కట్టడమే. అంతకుముందు ఇరవై రెండేళ్లు మద్రాసులో సినిమాలకి నేపథ్య సంగీతం రాశారన్న మాట మాత్రం అందులో లేదు. ఫోన్ చేసి అడిగితే, "ప్రూఫ్ ఏమన్నా ఉందా మేడమ్?" అన్నారు.

ఆయన ఒక పెద్ద సంగీత దర్శకుడి దగ్గర సహాయకుడు. పాటలు పెద్దాయనవి. మిగతా రెండు గంటల సినిమాలో ఎక్కడ వయొలిన్ రావాలో, ఎక్కడ ఏదీ రాకూడదో రాసేది మా బాబాయి. స్టాప్‌వాచీ పట్టుకుని రీలు చూసి, సెకన్లు రాసుకుని, ఇంటికొచ్చి పిన్నికి వినిపిస్తూ వాటికి సరిపడా స్వరాలు కట్టేవారు. తెర మీద పేరు పెద్దాయనది.

"ఎక్కడ పెట్టాలో ఎలా తెలుస్తుంది బాబాయ్?" అని అడిగానొకసారి.

"పెట్టడం ఎవడికైనా తెలుసమ్మాయ్. మనిషి ఏడవకముందే వయొలిన్ ఏడిస్తే అది సంగీతం కాదు, చాడీ."

తొంభైల మొదట్లో ఒక సినిమాకి టైటిల్స్‌లో తన పేరు వేస్తామన్నారని ఆయన బంధువులందరికీ ఉత్తరాలు రాశారు. విడుదల రోజుకి పిన్నితో సహా మా ఊరొచ్చారు. పద్నాలుగు మందిమి ఉదయం ఆటకి బయల్దేరాం. మా ఇంట్లో పంచాంగం చూసే పని నాది, లెక్క తప్పనని. పదకొండూ ఇరవై దాకా వర్జ్యం ఉందని చెప్పాను. ఆట పదకొండుకి.

"మంచి పనికి వర్జ్యంలో గుమ్మం దాటుతారేంట్రా?" అంది నానమ్మ.

"పేర్లు మొదట్లోనే వస్తాయండీ అత్తయ్యగారూ," అంది పిన్ని.

"ఆ పేరు పెట్టిందే నేను. నాకు చెబుతావేంటి?"

సెకన్లు లెక్కపెట్టే మనిషి ఆ పూట అరుగు మీద తీరిగ్గా కూర్చుని, "అమ్మ చెప్పినట్టే కానివ్వండి," అన్నారు. మేం హాల్లోకి వెళ్లేసరికి హీరో బస్సు దిగుతున్నాడు. ఆ సాయంత్రమే వాళ్లు మద్రాసు రైలెక్కారు. నాలుగో రోజుకి సినిమా ఎత్తేశారు.

ఆ తర్వాత ఏ పెళ్లిలో కనబడినా మా పెద్ద మామయ్య వదిలేవాడు కాదు. "ఏం బావగారూ, మీ పేరు చూసిన మనిషి ఈ రెండు జిల్లాల్లో ఒక్కడైనా ఉన్నాడా?"

"నా పేరుకి వర్జ్యం ఇంకా వెళ్లలేదండి," అనేవారు బాబాయి. అందరూ నవ్వేవారు. నేను మాత్రం వంటింట్లోకి వెళ్లిపోయేదాన్ని.

కీబోర్డు వచ్చాక పది వయొలిన్ల పని ఒక్క పెట్టె చేసింది. రాసేవాడి అవసరం లేకపోయింది. ఆయన తిరిగొచ్చేశారు.

పేపరువాళ్లు ప్రూఫ్ అడిగారు కాబట్టి, పన్నెండో రోజు కర్మ అయ్యాక నాలుగు షాపులు తిరిగి ఆ సినిమా వీసీడీ సంపాదించాను. పిన్ని మంచం పక్కనే టీవీ. టైటిల్స్ మూడుసార్లు వేశాను. మూడోసారి ప్రతి పేరూ కాగితం మీద రాసుకున్నాను. మేకప్ సహాయకుల పేర్లున్నాయి. యూనిట్‌కి భోజనాలు పెట్టినాయన పేరుంది. మా బాబాయి పేరు లేదు.

"లేదమ్మా," అంది పిన్ని. "మద్రాసులో ముందే చూశారు. నాకు తిరుగు రైల్లో చెప్పారు. అందరికీ ఉత్తరాలు రాసేశారు కదా, ఏ మొహం పెట్టుకుని లేదని చెప్పాలీ అన్నారు. వర్జ్యమే నయం అన్నారు."

ఇన్నేళ్లూ నా లెక్క వల్లే ఆయన పేరు మాకు కనబడలేదని కుమిలాను. నేను వంటింట్లోకి ఎందుకు వెళ్లిపోయేదాన్నో ఆయనకి తెలుసు. తెలిసీ ఊరుకున్నారు. ఆయన్ని తలుచుకుని దండం పెట్టుకుంటూనే ఉన్నాను, ఈ ఒక్కదానికి మాత్రం క్షమించలేకపోతున్నాను.

టీవీ కట్టేయబోయాను.

"ఉంచు," అంది పిన్ని.

వానలో ఒక తల్లి కొడుకు వెనకే నడుస్తోంది. వయొలిన్ మొదలైంది. పిన్ని వేళ్లు మంచం పట్టె మీద కదిలాయి. స్వరం మలుపు తిరగబోయే ప్రతిచోటా ఆమె వేలు ముందే లేస్తోంది. తెర మీద ఆ తల్లి గుమ్మంలో కూలబడింది. పిన్ని చెయ్యి ఆగింది. ఒక్క క్షణం తర్వాత వయొలిన్ ఆగింది. టీవీలో వాన చప్పుడొక్కటే మిగిలింది.