మగ్గంలా మోగిన ఫ్యాను

నేను డీఎస్సీకి చదువుతున్న రోజులవి. మాది ధర్మవరం. నాయన పట్టుచీరలు నేస్తాడు. పుస్తకాలన్నీ కొనే స్తోమత లేక, స్నేహితురాలు ఫోనుకు పంపిన దొంగ కాపీ తెరిచాను. నాయన చూశాడు.

“మన డిజైను ఎవడన్నా ఎత్తుకుంటే మనకెట్లుంటాది? రాసినోళ్లకూ అంతే. లైబ్రరీ ఉండాది కదా, ఆడికి పోయి చదువుకో” అన్నాడు.

లైబ్రరీలో ఆ పుస్తకాలు ఇంటికివ్వరు, అక్కడే చదవాలి. బీరువాల వెనక మూలన కూర్చునేదాన్ని. పైన పాత ఫ్యాను తిరుగుతుంటే అచ్చం మా మగ్గం చప్పుడే. ఉయ్యాలలో ఆ చప్పుడు వింటూ పెరిగినదాన్ని, ఒకరోజు హాయిగా నిద్రపోయాను.

కలలో నాయన పుస్తకం పేజీలను పోగుల్లా నేస్తున్నాడు. ఉన్నట్టుండి మగ్గం ఆగింది. కళ్లు తెరిస్తే ఫ్యాను తిరగడం లేదు. తలుపుకు బయట తాళం. మధ్యాహ్నం మూస్తే మళ్లీ సాయంత్రమే తీస్తారు. ఫోను ఇంట్లో ఉంది. తలుపు బాదాను, ఎవరూ రాలేదు. ఏడుపొచ్చింది.

కాసేపటికి కిటికీ ఎండలో దుమ్ము జరీలా మెరుస్తూ కనిపించింది. చుట్టూ అన్ని పుస్తకాలు, నేనొక్కదాన్నే. భయం ఎప్పుడు పోయిందో తెలియదు, చదువుతూ ఉండిపోయాను.

తలుపు తీసిన లైబ్రేరియన్ సారు తెల్లబోయారు. “ఇంతసేపూ ఈడనే ఉండావామ్మా?”

“ఫ్యాను మా మగ్గం మాదిరి మోగుతాంటే నిద్ర పట్టింది సార్” అన్నాను తలదించుకుని.

మరునాడు వెళ్తే ఫ్యాను చప్పుడు లేకుండా తిరుగుతోంది. పాపం, సారు నాకోసం బాగు చేయించారు. ఆ చప్పుడు లేక ఆ రోజు ఒక్క ముక్కా తలకెక్కలేదు.

ఇప్పుడు టీచర్‌నయ్యాను. ఏ పుస్తకం తెరిచినా చెవుల్లో మగ్గం ఆడుతూనే ఉంటుంది.