మధ్యాహ్నం రెండు నుంచి నాలుగు దాకా

ఈస్టర్ మర్నాడు సవేతా తన చేత్తో చేసిన కొజొనాక్, అంటే పండగ తీపి రొట్టె, పళ్లెంలో తెచ్చి యూస్టిన్ చేతుల్లో పెడుతుంటే, నాలుగు మెట్లు పైన నిలబడి చూస్తున్న పొంపిలియు ఎందుకు నోరు విప్పలేదు? అది నాకు రావలసింది అని చెప్పనక్కర్లేదు. నవ్వులాటకి ఒక ముక్క అడిగినా సరిపోయేది. ఇన్నేళ్లయినా ఈ ప్రశ్నకి జవాబు దొరకలేదు. ఆయన్నే కూర్చోబెట్టి అడిగినా దొరికేది కాదేమో.

పొంపిలియు బ్రయిలా ఊళ్లో టెలిఫోన్ ఎక్స్ఛేంజిలో ఇరవై రెండేళ్లు పనిచేశాడు. కొత్త యంత్రాలు వచ్చి పాత మనుషుల్ని ఇళ్లకి పంపినప్పుడు ఆయనకి నలభై ఎనిమిది. పెళ్లీ పెటాకులూ లేవు. డాన్యూబ్ నది అవతలి ఒడ్డున మచిన్‌లో ఒక అక్క ఉండేది. ఉద్యోగం పోయిన మొదటి శీతాకాలమంతా ఆయన కిటికీ దగ్గర కూర్చుని రేడియోలు విప్పి బిగించాడు. రెండో శీతాకాలానికి తను ఉండే ఎనిమిదంతస్తుల బ్లాకులో, ఆ మెట్లదారిలోని ముప్పై రెండు ఇళ్లకీ కంప్యూటర్ కేబుల్ లాగేశాడు.

అప్పట్లో అందరూ చేసే పనే అది. పెద్ద కంపెనీల తీగలు ఆ పేటకి ఇంకా చేరలేదు. ఒక ఇంటర్నెట్ లైను తీసుకుని, మేడ మీంచి మేడ మీదకి కేబుల్ విసిరి, అందరూ పంచుకునేవాళ్లు. ఆ లైను వచ్చి చేరే యంత్రం ఎనిమిదో అంతస్తులో, ఆడవాళ్లు బట్టలారేసుకునే గదిలో, ఒక పాత వంటింటి అలమారులో ఉండేది. తడి దుప్పట్ల మధ్య నుంచి వంగి వంగి వెళ్లాలి దాని దగ్గరికి. తాళంచెవి పొంపిలియు మెడలో ఉండేది. ఎక్స్ఛేంజిలో ఉన్న రోజుల్లో కూడా ఆయన ముఖంలో అంత తృప్తి ఎవరూ చూడలేదు.

కుర్రాళ్లకీ, కుర్రాళ్లలాంటి మగాళ్లకీ ఇంటర్నెట్ అంటే తుపాకుల ఆట. నాలుగో అంతస్తులో యూస్టిన్ అందులో ఆరితేరినవాడు. ఓడల రేవులో వెల్డరు, ఇరవై ఆరేళ్లు, కొత్తగా పెళ్లయింది. ఉదయం షిఫ్టు ముగించుకుని ఒంటిగంటన్నరకి ఇల్లు చేరేవాడు. పెళ్లాం కుట్టుమిషన్ల ఫ్యాక్టరీ నుంచి నాలుగున్నరకి వచ్చేది. ఈ మధ్యలోదే అతని రాజ్యం. మైకు మూతికి తగిలించుకుని, నలుగురు జట్టువాళ్లతో కలిసి, "వెనక చూడరా, వెనక" అని అరిచే అరుపులకి కింద ఇంటి దీపం గాజు మోగేది.

ఆ కింద ఇల్లు సవేతాది. ట్రాము నడిపేది. తొలి ట్రాము ఆమెదే గనక తెల్లవారుజామున మూడింటికి లేవాలి. మధ్యాహ్నం రెండింటికి వచ్చి రెండు గంటలు పడుకుంటే తప్ప మనిషి నిలబడలేదు. నవంబరులో ఒకరోజు నడుపుతూనే కునుకు తీసి, జనం నిలబడి ఉన్న స్టాపుని దాటించేసింది. డిపోలో కాగితం చేతికిచ్చారు. ఇంకొక్కసారి జరిగితే బండి నుంచి దింపేస్తామన్నారు. ఆమె ఇంటి కాలింగ్ బెల్లు బాగుచేస్తుంటే పొంపిలియు ఈ సంగతి విన్నాడు. ఆమె ఎవరి మీదా ఫిర్యాదు చెప్పలేదు. ఊరికే చెప్పింది, వాన పడుతోందని చెప్పినట్టు.

కింద లెటర్‌బాక్సుల పక్కన గాజు పలక వెనకాల బ్లాకు నియమాల కాగితం ఉండేది. మధ్యాహ్నం రెండు నుంచి నాలుగు దాకా నిశ్శబ్దం పాటించవలెను అని అందులో మూడో నియమం. అడుగున ఇంటింటి సంతకాలు. రోజూ దాని ముందు నుంచి నడిచే ముప్పై రెండు కుటుంబాల్లో దాన్ని చదివినవాళ్లు ఎవరూ లేరు. పొంపిలియు ఆ రోజు చదివాడు. చదివి, ఎనిమిదో అంతస్తుకి ఎక్కాడు.

ఆ యంత్రంలో ఫైర్‌వాల్ అనే కాపలావాడు ఒకడుంటాడు. ప్రతి ఆటకీ దాని నంబరు తలుపొకటి ఉంటుంది. ఏ తలుపు తెరవాలో, ఏది మూయాలో కాపలావాడికి ఒక్కొక్క వరుసగా రాసిపెట్టాలి. పొంపిలియు ఒక వరుస చేర్చాడు. రెండు కొట్టగానే తుపాకుల ఆట తలుపు మూసుకుంటుంది, నాలుగు కొట్టగానే తెరుచుకుంటుంది. ఈమెయిల్ ఉత్తరాలకీ వార్తలకీ అడ్డు లేదు. గోడ మీది కాగితాన్నే యంత్రంలోనూ తగిలించానని అనుకున్నాడు. కానీ ఎవరికీ చెప్పలేదు.

మర్నాడే యూస్టిన్ కబురు పెట్టాడు. ఆట ఎక్కడం లేదు బాబాయ్, ఎక్కినా జారిపోతోంది. పొంపిలియు వెళ్లి అతని కంప్యూటర్‌లోని ఫైర్‌వాల్ విప్పి చూశాడు. ఆటని అనుమతించే గడిలో టిక్కు పెట్టాడు, ఒక నంబరు తీసి మళ్లీ అదే నంబరు రాశాడు, తల పంకించాడు. నాలుగు దాటాక ఆట ఎక్కింది. యూస్టిన్ పెళ్లాం కాఫీ ఇచ్చింది. ఇలా ఐదు నెలలు నడిచింది. యూస్టిన్ నెట్‌వర్కు కార్డు మార్చాడు, తీగ మార్చాడు, చివరికి కంప్యూటరే మార్చాడు. ప్రతిసారీ పొంపిలియు వచ్చి, మోకాళ్ల మీద కూర్చుని, లేని జబ్బుకి శ్రద్ధగా వైద్యం చేశాడు. అబద్ధం చెప్పడం ఆయనకి చేతకాదు. అందుకని ఎక్కువ మాట్లాడేవాడు కాదు. మాట్లాడకపోవడాన్ని వాళ్లు నేర్పరితనం అనుకున్నారు.

సవేతా హాయిగా నిద్రపోయింది. పై ఇంటి కుర్రాడికి మనసు మారిందనీ, తన ఉద్యోగం సంగతి ఎవరో చెబితే విని జాలిపడ్డాడనీ ఆమె అనుకుంది. అందుకే కొజొనాక్ చేసింది, అక్రోటు గింజలు దండిగా దట్టించి. "నీ రుణం ఉంచుకోకూడదు నాయనా" అని పళ్లెం అందించింది. యూస్టిన్‌కి ఏమీ అర్థం కాలేదు. పండగ కదా అనుకుని తీసుకున్నాడు. పైమెట్టు మీద పొంపిలియు నిచ్చెన ఒక భుజం నుంచి ఇంకో భుజానికి మార్చుకున్నాడు.

ఆయన్ని పట్టించింది గడియారం. మార్చి చివర, ఏటా వేసవికి చేసినట్టే, దేశమంతా గడియారాలు గంట ముందుకి తిప్పుకుంది. ఎనిమిదో అంతస్తు యంత్రాన్ని తిప్పడం ఆయన మరిచాడు. దాంతో ఆ వారం ఆట మూడింటికి ఆగి ఐదింటికి వచ్చింది. నాలుగో రోజు ఆయనకి గుర్తొచ్చి సరిచేశాడు. యూస్టిన్‌కి అప్పుడు తట్టలేదు. రోజూ ఎన్నింటికి ఆగిందో, ఎన్నింటికి వచ్చిందో వెల్డింగు లెక్కల పుస్తకం వెనక రాసుకునేవాడు. ఈస్టర్ వెళ్లిన వారం అతని జట్టుకి గలాత్స్ ఊరి జట్టుతో పోటీ ఖాయమైంది. శనివారం మధ్యాహ్నం మూడింటికి. ఓడితే పోటీల్లోంచి అవుట్, ఎక్కకపోతే ఓడినట్టే లెక్క. ఆ రాత్రి కూర్చుని పుస్తకం తిరగేస్తే, ఆ నాలుగు రోజులు కళ్లకి కొట్టొచ్చినట్టు కనిపించాయి.

గురువారం సాయంత్రం మెట్ల కింద మీటింగు జరిగింది. ఏడాదికి నాలుగుసార్లు నీళ్ల పైపుల గురించి జరిగే మీటింగే. బ్లాకు ప్రెసిడెంటు అగ్లాయా గారు, రిటైరైన లెక్కల టీచరు, పైపుల గురించి చదవడం ముగించగానే యూస్టిన్ పుస్తకం తెరిచాడు.

"బాబాయ్, జబ్బుకి గడియారం చూడ్డం రాదు. ఇది మార్చిలో గంట ఆలస్యంగా వచ్చింది. ఎవరి చేతి గడియారం మారలేదో నువ్వే చెప్పు."

పొంపిలియు లెటర్‌బాక్సుల దగ్గరికి నడిచాడు. తర్వాత నియమాల కాగితం మీద వేలు పెట్టాడు.

"మూడోది చదువు. కింద నాలుగో సంతకం ఎవరిదో కూడా చూడు."

యూస్టిన్‌దే. అందరూ నవ్వారు. యూస్టిన్ కూడా నవ్వబోయి ఆగాడు.

"కాగితం సంగతి సరే. మొదటిరోజే ఇది చూపించి నోర్మూసుకోరా అంటే మూసుకునేవాణ్ణి. ఐదు నెలలు మా ఇంట్లో కాఫీ తాగుతూ తప్పు నా కంప్యూటర్‌దే అన్నావు. మంచిదాన్ని అవతల పారేశాను."

అప్పటికే చెత్త బకెట్టుతో దిగి వచ్చిన సవేతా అంతా వింటూ నిలబడి ఉంది. ముందు యూస్టిన్ వైపు తిరిగింది.

"అయితే అది నీ మంచితనం కాదన్నమాట."

యూస్టిన్ చెవులు ఎర్రబడ్డాయి. పళ్లెం ఇంకా మా ఇంట్లోనే ఉంది, కడిగి ఇస్తానన్నాడు. ఆమె పొంపిలియు వైపు తిరిగింది.

"నేను అడిగానా మిమ్మల్ని?"

"లేదు."

"అడక్కుండా నా నిద్ర సంగతి మీకెందుకు? ఇప్పుడు బ్లాకంతా నా ముఖం చూసి, ఈమె కోసమట అనుకుంటుంది."

ఆమె బకెట్టు పట్టుకుని బయటికి వెళ్లిపోయింది. శనివారానికి తలుపు తెరవాలనీ, ఆ తర్వాత సంగతి తర్వాత చూద్దామనీ అగ్లాయా గారు తేల్చారు. పొంపిలియుని ఆ పని నుంచి ఎవరూ తీసేయలేదు. కంపెనీ లైను తెప్పించుకుందామన్న ఊసు కూడా ఎవరూ ఎత్తలేదు.

కానీ శుక్రవారం లిఫ్టు ఆగింది. ఇది కూడా నువ్వే రాసిపెట్టావా బాబాయ్ అని రెండో అంతస్తాయన అడిగాడు. మధ్యాహ్నం వేడినీళ్లు రాలేదు, మళ్లీ అదే మాట. సాయంత్రం ఎవరింట్లోనో ఉత్తరం పంపడం ఆలస్యమైతే, ఆ ఇంటావిడ నిజంగానే, నవ్వకుండా, మొన్న మిమ్మల్ని ఒక మాట అన్నానని ఆపలేదు కదా అని అడిగింది. లేదండీ అన్నాడు. ఆమె నమ్మలేదని తెలిసింది. ఇకమీదట ఏ తీగ తెగినా ఆ లేదండీ అనే మాట అనాలి, ఎవరూ నమ్మరు. ఎక్స్ఛేంజి నుంచి పంపేసిన రోజున కూడా ఆయన అంత అలిసిపోలేదు.

శనివారం ఒంటిగంటకి ఎనిమిదో అంతస్తుకి ఎక్కి ఆ వరుస చెరిపాడు. ఏ కేబుల్ ఏ ఇంటిదో, ఏ సంకేతపదం దేనిదో నోటుపుస్తకంలో పొందికగా రాశాడు. మెడలోంచి తాళంచెవి తీసి, పుస్తకంతో కలిపి కవరులో పెట్టాడు. ఇంటికి వచ్చి రెండు చొక్కాలూ, స్క్రూడ్రైవర్ల సంచీ సర్దుకున్నాడు. అక్క ఉండే మచిన్‌కి నాలుగింటి పడవ ఉంది.

మూడు దాటాక బయల్దేరాడు. లిఫ్టు చప్పుడు చేస్తుందని మెట్ల మీంచే దిగాడు. నాలుగో అంతస్తులో ఆగి చెవి పెట్టాడు. లోపల కీబోర్డు టకటకలు వినిపించాయి. మనిషి గొంతు లేదు. చప్పుడు బయటికి పోకుండా తలుపు సందులో దుప్పటి కుక్కి ఉంది. జట్టుతో మాట్లాడకుండా ఆ పోటీ ఎలా ఆడుతున్నాడో, గెలుస్తున్నాడో ఓడుతున్నాడో తెలియదు.

మూడో అంతస్తులో సవేతా తలుపు. కాలింగ్ బెల్లు తను బాగుచేసిందే, గట్టిగా మోగుతుంది. దానికేసి చూశాడు. చెయ్యి ఎత్తలేదు.

కింద అగ్లాయా గారి లెటర్‌బాక్సులో కవరు జారవిడిచాడు. వీధి తలుపు దానంతటది దబ్బున పడే రకం. బయటికి వెళ్లాక అరచేతితో పట్టుకుని, చప్పుడు కాకుండా మూసుకునే దాకా ఆగి, రేవు వైపు నడిచాడు.