పిట్ట ముట్టని ఆట

మా కేసముద్రం చుట్టుపక్కల తిరిగే దయ్యాల్లో సగం నేను పుట్టించినవే. గూడ్సు బండి చివరి డబ్బాలో కూర్చునే తెల్లచీర ఆవిడ నాదే. మార్కెట్ యార్డులో పత్తి బోరాల మీద పడుకునే తలలేని హమాలీ కూడా నాదే. సరుకు తయారుచేసేవాణ్ణి నేనే కాబట్టి దయ్యాలను ఏనాడూ నమ్మలేదు. ఇప్పుడు రాస్తున్నది మాత్రం నేను పుట్టించింది కాదు. పుట్టించినదైతే, తలుచుకున్నప్పుడల్లా ఇంత కోపం రాదు.

ఎనభైల చివరి మాట. మా పెద్దనాన్న కొడుకు సత్తెన్నకు స్టేషన్ రోడ్డులో రేడియోలు, టీవీలు బాగుచేసే దుకాణం ఉండేది. డోర్నకల్‌లో రైల్వేలో పనిచేసే దోస్తు ఒకతను దుబాయి నుంచి వచ్చిన చిన్న కంప్యూటర్‌ను సత్తెన్నకు ఇచ్చాడు. చూడటానికి ఉత్త మీటల పలక. దాన్ని టీవీకి తగిలించి, టేప్ రికార్డర్‌లో క్యాసెట్ పెడితే, అది కాసేపు కీచుమని అరిచి చివరికి తెర మీద ఒక ఆట తెచ్చేది.

చేతిలో కందిలి దీపం పట్టుకుని ఒక మనిషి కోటలోకి దిగుతాడు. కత్తులు, గబ్బిలాలు, కూలిపోయే మెట్లు దాటుకుంటూ ఒక గది నుంచి ఇంకో గదికి పోవాలి. తెర అడుగున ముగ్గురు బుడ్డ మనుషులు నిలబడి ఉంటారు. అవి ప్రాణాలు. చచ్చినప్పుడల్లా ఒకడు మాయమవుతాడు. సత్తెన్న ఏండ్ల తరబడి ఆడినా ఆఖరి గది దాటలేకపోయాడు.

దాటకుండానే పోయాడు. పచ్చకామెర్లు ముదిరాయి. పెళ్లి కూడా కాలేదు.

మా దగ్గర మూడోనాడు పిట్టకు పెడతారు. పోయినవాడికి ఇష్టమైనవన్నీ వండి, చేను గట్టున విస్తరిలో పెట్టి, దూరం జరిగి చూస్తారు. కాకి ముడితే వాడి మనసులో ఏమీ మిగల్లేదని అర్థం. ముట్టకపోతే, మిగిలిన కోరిక ఏదో కనిపెట్టి, తీరుస్తామని గట్టిగా మాటివ్వాలి. అది ముట్టేదాకా ఇంట్లో ఎవరూ మెతుకు ముట్టరు.

ఆ రోజు కాకి తుమ్మచెట్టు మీద కూర్చుంది తప్ప కిందికి దిగలేదు. మీ అమ్మను చూసుకుంటామన్నారు. దుకాణం అమ్మబోమన్నారు. ఉలుకూ పలుకూ లేదు. సత్తెన్న తల్లి, మా పెద్దమ్మకు షుగరు. భర్త ఎప్పుడో పోయాడు, ఇప్పుడు కొడుకూ పోయాడు. ఆమె ఎండలో అట్లా కూర్చుని ఉంటే నాకు ఒళ్లు మండింది.

"ఏందే సత్తెన్నా, ఆ కోట ఆట గావాల్నా? సరే, ఆఖరి గది నేను దాటిస్త. ఇగ తిను!" అని అరిచాను.

కొందరు నవ్వారు, కొందరు కసురుకున్నారు. కాకి మాత్రం సర్రున దిగి మాంసం ముక్క ఎత్తుకుపోయింది. ఆకలేసి వచ్చిందనే నేను అనుకున్నాను. పెద్దమ్మ అట్లా అనుకోలేదు.

"మాటిచ్చినవ్ బిడ్డా. పదకొండోనాటి దినాల లోపల దాటియ్యాలె" అంది.

యార్డులో తూకాలు చూసుకునే నా వేళ్లకు ఆ మీటలు ఎక్కడ లొంగుతాయి? పనయ్యాక రోజూ కూర్చుని నాలుగైదు గదులకే చచ్చేవాణ్ణి. అప్పుడు దిగాడు మా రఘుపతి బావ.

ఈయన సత్తెన్న చెల్లెలు సరోజక్కకు భర్త. సొంతూరు పెద్దవంగర. అయితే హైదరాబాదులో కంప్యూటర్ కోర్సు ఏదో చేశాక ఆయన నాలుకకు సినిమా వాళ్ల భాష పట్టుకుంది. మేము నోరు తెరిస్తే చాలు, సరిదిద్దేవాడు.

"దీనికింత అవస్థ ఎందుకు బామ్మర్దీ? జరుగు" అన్నాడు.

క్యాసెట్ తిప్పే ముందు ఏవో అంకెలు ఒక వరసలో కొట్టాడు. ప్రాణాల లెక్క ఉండేచోట అంకె మార్చేశానన్నాడు. ఇక ఎన్నిసార్లు చచ్చినా లెక్క తగ్గదట. అన్నట్టే ఆ కందిలి మనిషి కత్తుల మీద పడ్డాడు, లేచాడు. మెట్ల మీంచి జారాడు, లేచాడు. కింద ముగ్గురూ రాళ్లలా అట్లాగే నిలబడ్డారు. కాసేపటికి ఆఖరి గది దాటాడు, గంటలు మోగాయి. బావ చేతులు దులుపుకున్నాడు.

"అయిపోయింది. చెప్పండి మీ పెద్దమ్మకు."

"గిది గెలుసుడా బావా? మా అన్న సచ్చుకుంట సచ్చుకుంట ఆడిండు. నువ్వు సావుకు తాళమేసి ఆడినవ్."

"పోయినవాడికి ఎలా గెలిచామో తెలుస్తుందా ఏంటి?"

ఇంటల్లుడు. ఒక్క మాట గట్టిగా అనడానికి లేదు.

పదకొండోనాడు మళ్లీ పిట్టకు పెట్టాం. కాకి ఈసారి కిందికి దిగింది. విస్తరి చుట్టూ నడిచింది, ఏదీ ముట్టలేదు. ఎగిరిపోయి బావ స్కూటర్ సీటు మీద కూర్చుని అరవడం మొదలుపెట్టింది. ఎవరికీ నవ్వు రాలేదు.

మధ్యాహ్నం దాటింది. ఏమీ తినక పెద్దమ్మకు షుగరు పడిపోతోంది. ఊళ్లో సూదులేసే డాక్టరు వచ్చి, ఇంకాసేపు తినకపోతే మానుకోట దవాఖానకు తీసుకుపోవాల్సిందేనన్నాడు. ఆమె మంచినీళ్లు కూడా తోసేసింది. "వానికి ముద్ద దిగంది నాకెట్ల దిగుతది?" అంది.

నేను బావ చొక్కా పట్టుకుని దుకాణానికి లాక్కుపోయాను. సరోజక్క మా వెనకే వచ్చింది.

"ఏ అంకెలు కొట్టకుంట పెట్టు" అన్నాను.

బావ మా ఇద్దరి కళ్లెదుటే ఉత్త క్యాసెట్ తిప్పాడు. ఆట మొదలైంది. మొదటి గదిలోనే నా మనిషి కత్తి మీద పడ్డాడు. కింద ముగ్గురూ అట్లాగే ఉన్నారు. మళ్లీ పడ్డాడు. ముగ్గురే.

బావ మిషన్ ఆపి మళ్లీ పెట్టాడు. ఆపితే అది అన్నీ మరిచిపోతుందని చెప్పింది ఆయనే. క్యాసెట్ మళ్లీ మొదటి నుంచి ఎక్కించాడు. అదే కథ. ప్లగ్గు పీకి పెట్టాడు. అదే కథ. సత్తెన్న దాచుకున్న రెండో క్యాసెట్ వేశాడు. అదీ అంతే. ఇంతలో రోజూ పోయినట్టే కరెంటు పోయింది. చెమటలు కక్కుతూ కూర్చున్నాం. కరెంటు వచ్చింది, యార్డులో మైకు మొదలైంది, మళ్లీ ఎక్కించాం. కందిలి మనిషి పడ్డాడు. ముగ్గురూ నిలబడే ఉన్నారు.

నాకు తిక్క రేగింది. "పోయినోనితోటి దొంగాట ఆడినవ్. ఇప్పుడు వాడు మనల్ని ఆ ఆటల నుంచి బయటికి రానిస్తలేడు. తప్పైందని చెప్పు!"

"ఎవరికి చెప్పాలి? టీవీకా?" బావ ఎగతాళిగానే అన్నాడు కానీ కళ్లు తెర అడుగున ఆ ముగ్గురి మీదే ఉన్నాయి.

సరోజక్క ఆయన ముందుకొచ్చి నిలబడింది. "మా అవ్వ ఆడ ఎండల పడి ఉన్నది. నీ సదువు రేపు సూపిద్దువు గని, ఇప్పుడు చెప్పు. చెప్పకుంటే ఆ స్కూటర్ మీద నువ్వొక్కనివే పట్నం పో."

బావ రోడ్డు వైపు చూశాడు. ఎవరూ లేరని రూఢి చేసుకుని, టీవీ దగ్గరికి వంగాడు.

"బావా... తప్పైంది. మాఫ్ చెయ్యి."

మేము మిషన్ ఆపలేదు. క్యాసెట్ మార్చలేదు. ఏ అంకే కొట్టలేదు. నేను మీట నొక్కాను. కందిలి మనిషి ముందుకు నడిచి, అదే కత్తి మీద పడ్డాడు. అడుగున ముగ్గురిలో ఒకడు మాయమయ్యాడు.

సరోజక్క నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. చచ్చినందుకు అంత సంతోషపడటం నాకు జీవితంలో అదొక్కసారే.

ఆ మిగిలిన రెండు ప్రాణాలతో నేను ఎప్పుడూ ఆడనంత బాగా ఆడాను. అయినా సగం కోట కూడా దాటలేదు. చివరివాడూ పోయాక మీటల పలకను గుద్దాను. ఇచ్చిన మాట పోయింది, పెద్దమ్మ ముందు ఏ ముఖంతో నిలబడాలని తల దించుకుని చేనుకు నడిచాను.

వెళ్లేసరికి విస్తరి చిరిగి చిందరవందరగా ఉంది. పెద్దమ్మ గట్టు మీద కూర్చుని అన్నం కలుపుకుంటోంది. కాకి ఎప్పుడు దిగిందని అడిగితే, యార్డు మైకు మొదలైన కాసేపటికి అన్నారు. ముగ్గురు వేరువేరుగా అదే చెప్పారు. అంటే దుకాణంలో బావ తప్పైందన్న వేళకే.

"గెలిసినవా బిడ్డా?" పెద్దమ్మ అడిగింది.

ఊరందరికీ అబద్ధాలు చెప్పే నాకు ఆ పూట ఒక్కటీ నోటికి రాలేదు. "లేదు పెద్దమ్మా. సగంలనే సచ్చిన."

ఆమె ముద్ద మింగి, "మావోడు రోజు గంతే గద. సచ్చి, నవ్వుకుంట అచ్చి, అన్నం బెట్టే అంటుండె" అంది. ఇంకో ముద్ద కలుపుకుంది.

బావ ఇప్పుడు రిటైరయ్యాడు. పెళ్లిళ్లలో ఎదురుపడితే ఇప్పటికీ వివరిస్తాడు. ఎండకు మిషన్ వేడెక్కిందట, పాత అంకె లోపలే ఇరుక్కుని ఉండిపోయిందట. వింటుంటే నా రక్తం మరుగుతుంది. ప్లగ్గు పీకినా పోనిది, కరెంటు పోయినా పోనిది, తప్పైందన్న ఒక్క మాటకు ఎట్లా పోయిందని అడుగుతాను. ఆయన ప్లేటు పట్టుకుని ఇంకో వరసలోకి జరుగుతాడు. ఆ కోపంతోనే నేనూ తింటాను.